పెడల్ గట్టిపడింది

మా బావ కారు వీధి మలుపు తిరగకముందే దాని చప్పుడు తేడాగా వినిపించింది. రెండో గేరులో గింజుకుంటూ వచ్చి మా వాకిట్లో ఒక్క కుదుపుతో ఆగింది. ఇంజన్ ఆయన ఆపలేదు, దానంతటదే ఆరిపోయింది. వెనక సీట్లో మా అక్క ముందు సీటును రెండు చేతులా పట్టుకుని కూర్చుని ఉంది. ఆమె పక్కన మా మేనకోడలు, ఒళ్ళో ఏడాది నిండని ఆడపిల్ల. ఆ కుదుపుకు పిల్ల ఏడవలేదు గానీ, తల్లి ముఖంలో రక్తం లేదు.

"క్లచ్ తొక్కితే గాడనే పండుకుంటాంది, బామ్మర్దీ" అన్నాడు బావ దిగుతూనే, నవ్వుతూ. "బొటనేలు కింద పెట్టి లేపుకుంట వచ్చిన. నయం, బ్రేకు మాత్రం మస్తు పట్టుతాంది. మునుపటికంటె గట్టిగున్నది."

ఆ చివరి మాట నాకు కూడా శుభవార్తలాగే వినిపించింది.

ఆ రాత్రి మా ఇంట్లో ఉండి, మరునాడు తెల్లవారి వాళ్ళు శ్రీశైలం పోవాలి. పిల్లకు పుట్టువెంట్రుకలు తీయించే మొక్కు. మా హాలియా నుంచి దేవరకొండ, డిండి మీదుగా పోయి మన్ననూరు దగ్గర అడవిలోకి ప్రవేశిస్తే, దోమలపెంట దాటాక రోడ్డు కొండను పట్టుకుని మలుపులు మలుపులుగా కృష్ణ దాకా దిగుతుంది. ఒక పక్క బండరాయి, ఇంకో పక్క మోకాలెత్తు గోడ, ఆ గోడ అవతల గాలి. ఆ దారిన పోయినప్పుడల్లా నేను కిటికీ పక్క సీటు వద్దనుకున్నవాణ్ణే. అల్లుడూ, అతని తల్లిదండ్రులూ హైదరాబాదు నుంచి నేరుగా వచ్చి గుడి దగ్గర కలుస్తామన్నారు. బావ వాళ్ళ ఎదుట సొంత బండి దిగాలి. ఈ సంగతి ఆయన చెప్పలేదు, చెప్పనక్కర్లేదు. ఏడుగురు పట్టే డీజిల్ బండి, పాతదే అయినా కొన్నప్పటి నుంచి దాన్ని ఆయన ఎడ్లను కడిగినట్టు కడిగేవాడు.

మా వైపు మెకానిక్ ఏదో పెళ్ళికని షట్టర్ దించి పోయాడు. అందుకే వాళ్ళు నేరుగా నా దగ్గరికి వచ్చారు.

నేను మెకానిక్‌ను కాను. రైస్ మిల్లు ధరంకాంట దగ్గర పనిచేస్తాను. లారీ వడ్లతో ఎక్కితే ఒక బరువు, ఖాళీగా ఎక్కితే ఒక బరువు. నా ఉద్యోగమంతా ఆ ఒక్క తీసివేత. కానీ ఆ తీసివేతలో ఎన్నో దూరతాయి. టైర్లకు పట్టిన బురద, క్యాబిన్‌లో పడుకున్న క్లీనరు, నింపి తెచ్చి మధ్యలో ఒలకబోసిన నీళ్ళ డ్రమ్ము. అంకె తేడా వస్తే దానికో కారణం ఎక్కడో ఉంటుంది, అది దొరికేదాకా నేను లారీని కాంట దిగనివ్వను. డ్రైవర్లు తిడతారు. బడిలో నేర్చుకున్నది నాకు తక్కువ, ఆ ఇనుప పలక పక్కన నిలబడి నేర్చుకున్నదే ఎక్కువ. బండ్ల పని కూడా అట్లాగే వచ్చింది. నా సొంత పాత కారుకు నేనే చేసుకుంటూ, ఫోన్లో వీడియోలు ఆపి ఆపి చూస్తూ, కొలుచుకుంటూ. బావకు నా మీద నమ్మకమూ ఉంది, వెటకారమూ ఉంది. రెండూ ఒకే నోటితో వాడతాడు.

పెడల్ పడిపోయిందంటే ఎవరైనా మొదట అనుకునేది గాలి. పాత రకం బండ్లలో పెడల్‌కూ గేర్‌బాక్సుకూ మధ్య ఒక తీగ ఉండేది. ఈ బండిలో తీగ బదులు సన్నటి పైపు, దాని నిండా బ్రేక్ ఆయిల్. పెడల్ తొక్కితే ఆయిల్ కదులుతుంది, అది పోయి గేర్‌బాక్సు పక్కనున్న చిన్న సిలిండర్‌ను నెడుతుంది. ఆయిల్ నొక్కితే నలగదు, గాలి నలుగుతుంది. పైపులోకి గాలి దూరితే కాలి బలమంతా ఆ గాలిని నలపడానికే సరిపోతుంది, క్లచ్ దాకా చేరదు. ఆ గాలిని బయటికి పంపడానికి కింది సిలిండర్‌కు నిప్పిల్ అని ఒక చిన్న మర ఉంటుంది. ఒకరు లోపల కూర్చుని పెడల్ తొక్కి పట్టాలి, ఒకరు ఇక్కడ మర విప్పి బిగించాలి.

కానీ అన్నిటికంటే ముందు ఆయిల్ డబ్బా చూడాలి. బానెట్ ఎత్తి మూత తిప్పాను. మూత వచ్చింది గానీ, దాని లోపల ఉండవలసిన రబ్బరు దానితో పాటు సరిగా రాలేదు. సగం బయటికి వేలాడింది. దాన్ని వేళ్ళతో పట్టుకుని చూశాను. మూతలో ఒదిగి కూర్చోవలసినది మూతకంటే పెద్దదై ఉంది. మడతలు పడి, నానిన శనగగింజ తొక్కలా ఉబ్బి ఉంది. తిరిగి లోపలికి నొక్కాను. ఒక పక్క నొక్కితే ఇంకో పక్క లేచింది. ఎంత నొక్కినా పట్టలేదు.

ఇంజన్ వేడికి పాడయ్యి ఉంటుందనుకున్నాను. అయినా రబ్బరు వేడికి గట్టిపడి పగులుతుంది గానీ పెరుగుతుందా అని ఒక ఆలోచన వచ్చి పోయింది.

డబ్బా అంచుదాకా నిండి ఉంది. అది కూడా నాకు నచ్చలేదు.

"ఆయిల్ పోసినవా బావా?"

"తగ్గితే పొయ్యరా? కొన్నప్పుడే అడుగున ఉండె. నింపిన. మళ్ళ జర తగ్గితే మళ్ళ పోసిన. నీకు మల్లె గీతలు గీసుకుంట కూసోలె."

ఏం పోశావని నేను అడగలేదు. బ్రేక్ ఆయిల్ డబ్బాలో బ్రేక్ ఆయిలే పోస్తారు కదా.

తగ్గిన ఆయిల్ ఎటు పోయిందో వెతికాను. పెడల్ వెనక చేయి పెట్టి తడిమాను, పొడిగా ఉంది. కింది సిలిండర్ చుట్టూ దుమ్ము దుమ్ముగానే ఉంది, ఎక్కడా తడి మరక లేదు. బండి కింద పాకి నాలుగు చక్రాల లోపలి వైపు లైటు వేసి చూశాను. చుక్క లేదు. బ్రేకు ప్యాడ్లు అరిగితే డబ్బాలో మట్టం కొంత దిగుతుంది, అది మామూలే. కానీ దానివల్ల గాలి దూరదు. కారనిది గాలిని ఎట్లా పీల్చుకుంది? కాంట మీద ఇట్లాంటి లారీ ఎక్కితే దిగనిచ్చేవాణ్ణి కాను. కానీ అక్క వాకిట్లో నిలబడి నా వైపే చూస్తోంది.

"తమ్మీ, అయితదా కాదా? చెప్పు. గడియ దాటిపోతాంది."

"ఏం గడియ అక్కా? పోయేది రేపు గదా."

"రేపు పొద్దున మంచిగలేదంట. ఇయ్యాల నాలుగు లోపల్నే మంచిగున్నది. సంచి బయట పెట్టిస్త."

మా వైపు పెద్దవాళ్ళు ఇప్పటికీ పాటించే పద్ధతి అది. బయలుదేరే వేళ మంచిది కాకపోతే, ముందే మంచి వేళ చూసి ప్రయాణపు సంచి ఒకటి పోయే దిక్కున ఉన్న వేరే ఇంట్లో పెట్టిస్తారు. అప్పటినుంచి ప్రయాణం మొదలైనట్టే లెక్క. మనుషులు ఇంట్లోనే తిని పడుకున్నా సరే, సంచి మాత్రం మళ్ళీ గడప లోపలికి రాకూడదు. వస్తే ప్రయాణం వెనక్కి తిరిగినట్టు. పిల్ల కొత్త గౌను, పసుపు బట్టలో కట్టిన మొక్కు డబ్బు, ఒక కొబ్బరికాయ సంచిలో పెట్టి అక్క పడమటి పక్కింటికి పోయింది. తిరిగి వచ్చేటప్పుడు ఆమె చేతులు ఊపుకుంటూ, తేలికపడ్డట్టు నడిచి వచ్చింది.

అప్పటికి బావ డ్రైవర్ సీట్లో చెప్పులు విప్పి కూర్చున్నాడు. నేను నిప్పిల్‌కు సన్నటి తెల్ల గొట్టం తొడిగి, దాని రెండో కొనను ఖాళీ నీళ్ళ సీసాలోకి దించాను. లోపల అడుగున కొంచెం కొత్త ఆయిల్ పోసి కొన మునిగేలా పెట్టాను, లేకపోతే గాలి అదే దారిన వెనక్కి పోతుంది.

"తొక్కు."

"తొక్కిన."

"పట్టు."

"పట్టిన. మీ అక్క సంచి వట్టినట్టు వట్టిన, ఇగ ఇడువ."

పానాతో మరను పావు చుట్టు విప్పాను. గొట్టంలో గుడగుడమని బుడగలు, వాటి వెనక బురద రంగు ఆయిల్. బిగించాను.

"వదులు."

"గిది క్లచ్చా కుట్టుమిషనా, బామ్మర్దీ? ఇట్లనే ఇంకో గంట తొక్కితె ఒక జాకెటు కుట్టొచ్చు."

"నేను చెప్పకముందు కాలు లేపకు బావా. లేపితే గాలి మళ్ళ లోపలికి గుంజుకుంటది."

"సరే సారూ. బెత్తం ఒకటి తక్కువ నీకు."

మళ్ళీ తొక్కు, పట్టు, వదులు. మధ్య మధ్య లేచి డబ్బాలో నా దగ్గరున్న సీలు విప్పని కొత్త ఆయిల్ పోస్తూ పోయాను, మట్టం దిగితే పైనుంచి గాలి దూరుతుంది. బుడగలు పెద్దవి పోయి చిన్నవయ్యాయి, చిన్నవి పోయి నురగ వచ్చింది. అది కూడా పోయింది. గొట్టంలో నిండు ఆయిల్ కదలకుండా నిలిచింది. వంగి వంగి నా నడుము పట్టేసింది. అంతా మామూలుగా జరుగుతున్న పనిలాగే ఉంది. ఒక్క ఆయిలే వేళ్ళ మధ్య రుద్దితే ఉండవలసినదానికంటే చిక్కగా, జారుడుగా తగిలింది.

"ఆఁ! లేచింది, లేచింది!" అని అరిచాడు బావ. "ఇగో సూడు, రాయి లెక్క గట్టివడ్డది."

నేను పోయి చేత్తో నొక్కి చూశాను. నిజమే. పెడల్ కొద్దిగా దిగగానే బిగిసింది. చెయ్యి తీస్తే పైకి వచ్చింది. కొంచెం ఆలోచించి వచ్చినట్టు వచ్చింది గానీ, వచ్చింది.

బావ బండి తీసి వీధి చివర నీళ్ళ ట్యాంకు దాకా పోయి, తిరిగి వచ్చి, నా పాదాలకు జానెడు దూరంలో బ్రేకు కొట్టి ఆపాడు. కావాలనే కొట్టాడు. మా అక్క "నీ పాడుగాను!" అని అరిచింది. ఆయన కిటికీలోంచి తల బయటపెట్టి నవ్వాడు.

"సూసినవా బ్రేకు? గోడలెక్క నిలవడ్డది. క్లచ్ గూడ అయిపాయె. బామ్మర్దీ, రేపు నీకు లడ్డూ తెస్త."

నేను ఆ ముందు చక్రం పక్కనే నిలబడి ఉన్నాను. నా పిక్కకు సెగ తగిలింది.

వంగి చక్రం ఇనుము మీద చెయ్యి పెట్టాను, వెంటనే తీసుకున్నాను. పొయ్యి మీది పెనంలా ఉంది. రెండో వైపు ముందు చక్రం కూడా అంతే. వెనక చక్రాలు రెండూ చల్లగా ఉన్నాయి.

"ఎండ తియ్, ఎండ" అన్నాడు బావ.

"వెనక చక్రాలు గూడ గదే ఎండల ఉన్నయి గదా బావా."

వీధి చివరికీ ఇక్కడికీ ఎంత దూరమని. మధ్యలో ఆయన బ్రేకు తొక్కింది ఆ ట్యాంకు దగ్గర ఒకసారి, ఇక్కడ ఒకసారి. అంత మాత్రానికి ఇనుము కాలదు. కాలు తీశాక కూడా బ్రేకు వదలకుండా పట్టుకునే ఉంటే తప్ప.

ఇంజన్ ఆపించాను. అరుగు మీద పెట్టిన సీసా అప్పుడు నా కంటపడింది. గాలితో పాటు పైపులోంచి బయటికి వచ్చిన పాత ఆయిల్ అందులో ఉంది. కాసేపు కదలకుండా ఉన్నందుకు అది రెండుగా విడిపోయింది. కింద పలచగా ఒక రంగు, దాని మీద వేరే రంగులో మందంగా ఇంకో పొర. మధ్యలో గీత గీసినట్టు స్పష్టంగా కనిపించింది.

బ్రేక్ ఆయిల్‌కు ఒక గుణం ఉంది. పేరుకే ఆయిల్ గానీ అది నీళ్ళలో కలిసిపోతుంది. నేను వంటింట్లోంచి గాజు గ్లాసుతో నీళ్ళు తెచ్చి, పై పొర లోంచి కొంచెం అందులో వంచాను. కలవలేదు. బంగారు రంగు బిళ్ళలై నీళ్ళ మీద తేలి, ఒకదాన్నొకటి వెతుక్కుంటూ పోయి అంటుకున్నాయి.

మా ఆవిడ గడపలో నిలబడి చూస్తోంది. "ఆ గిలాస మళ్ళ ఇంట్లకు తేకు" అంది.

నేను బావ వైపు తిరిగాను. "డబ్బాల ఏం పోసినవ్ బావా?"

"ఏం పోస్త? ఆయిలే."

"ఏ ఆయిల్?"

"ట్రాక్టర్‌ది. కొట్టంల క్యాన్ ఉంటె గదే పోసిన. ఎందుకట్ల సూస్తున్నవ్? మా ట్రాక్టర్ల బ్రేకులు గా ఆయిల్‌లనే మునిగి ఉంటయి. ఎన్ని ఏండ్లనుంచి నడుస్తాందో నీకు తెల్వదా? ట్రాక్టర్‌ను ఆపిన ఆయిల్ కారును ఆపదా?"

ఆయన అన్నదాంట్లో అబద్ధం లేదు. కొత్త ట్రాక్టర్లలో బ్రేకు పళ్ళేలు గేర్ల ఆయిల్‌లోనే మునిగి తిరుగుతాయి. ట్రాక్టర్ తప్ప ఇంకో బండి పెంచని మనిషి అట్లా అనుకోవడంలో వింత ఏమీ లేదు. కానీ అక్కడ ఆయిల్ పని పళ్ళేలను చల్లబరచడం. ఇక్కడ దాని పని నెట్టడం. నెట్టే చోట లోపల అన్నీ రబ్బరు బిళ్ళలు, ఆ రబ్బరుకు ట్రాక్టర్ ఆయిల్ తగిలితే తాగుతుంది. తాగి ఉబ్బుతుంది. మూత లోపలి రబ్బరు నా చేతిలో ఉబ్బి కనిపించింది. లోపలి సిలిండర్లలో కనిపించని రబ్బర్లన్నీ అదే పని చేస్తూ ఉండాలి.

అప్పుడు మొత్తం లెక్క నాకు కుదిరింది. కుదిరినందుకు సంతోషం కలగలేదు. ఈ బండికి క్లచ్‌కూ బ్రేకుకూ డబ్బా ఒకటే. క్లచ్‌కు పోయే గొట్టం డబ్బా పక్క నుంచి, కొంచెం పైన ఉంటుంది. బ్రేకుకు పోయే దారులు అడుగున ఉంటాయి. ట్రాక్టర్ ఆయిల్ తేలిక, పైన తేలుతుంది. అందుకని ముందు క్లచ్ తాగింది, ఉబ్బిన రబ్బరు సరిగా ఆనక పెడల్ లేచినప్పుడల్లా గాలిని పీల్చింది. బయట ఒక్క చుక్క కారకపోవడం అందుకే. క్లచ్ మొదటిది మాత్రమే. డబ్బా అడుగంటినప్పుడు పోసిన ఆయిల్ అప్పుడే కిందికి పోయింది. బ్రేకు మునుపటికంటే గట్టిగా ఉందని బావ వచ్చినప్పటి నుంచి చెబుతున్నది మంచి మాట కాదు. ఉబ్బిన రబ్బరు ఆయిల్ వెనక్కి వచ్చే చిన్న రంధ్రాన్ని మూసేస్తోంది. తొక్కిన బ్రేకు వదలడం లేదు. ఇంతసేపూ నేను గాలి తీసి గట్టిచేసింది ఒక్క క్లచ్‌నే. ఈ బండి ఇప్పుడు ఎక్కడికైనా పోవడానికి బ్రహ్మాండంగా సిద్ధంగా ఉంది.

ఇదంతా చెప్పాను. పట్టుకున్న బ్రేకు దారి పొడుగునా రాసుకుంటూ కాలుతుందనీ, కాలితే లోపలి ఆయిల్ మరుగుతుందనీ, మరిగితే ఆవిరి అవుతుందనీ, ఆవిరి కూడా గాలిలాంటిదేననీ, అప్పుడు పెడల్ నేలకు ఆనుతుందనీ, అది ఘాట్‌లో దిగుతున్నప్పుడే జరుగుతుందనీ.

బావ నవ్వడం మానలేదు. కానీ ఆ నవ్వు పాతదైపోయింది.

"గేర్ల దిగుత. మెల్లగ దిగుత. మీ అక్కను అడుగు, నేనెప్పుడన్న జోరుగ నడిపిన్నా?"

"నడిపేది నువ్వు మెల్లగనే. గుంజేది కొండ."

"ఏం మనిషివిరా నువ్వు! పొయ్యేటప్పుడు ఎదురొచ్చి తుమ్మినట్టు."

అక్క మాట్లాడింది. "సంచి ఎల్లిపోయింది తమ్మీ. పెట్టినంక పోకుంటె పిల్లకు మంచిది గాదు."

"కిరాయి బండి మాట్లాడుదాం" అన్నాను.

"సొంత బండి వెట్టుకొని కిరాయి బండ్ల పోవుడేంది?" అన్నాడు బావ. గొంతు పెరిగింది. "గుడి ముంగట వియ్యంకుడు నిలవడి ఉంటడు. బండేదీ అని అడిగితె ఏం చెప్పాలె? నా బామ్మర్ది గిలాసల నీళ్ళు వోసి చూసిండు, వద్దన్నడు అని చెప్పాల్నా?"

నేను జాకీ తెచ్చి, వెనక చక్రాలకు రాళ్ళు ఆనించి, ముందు చక్రం ఒకటి గాలిలోకి లేపాను. గేరు తీసేశాను. బావను మళ్ళీ సీట్లో కూర్చోమన్నాను. కూర్చున్నాడు. కోపంగానే గానీ కూర్చున్నాడు.

"బ్రేకు తొక్కి వదులు. నాలుగైదు తాపలు."

తొక్కాడు, వదిలాడు.

"కాలు తీసినవా?"

"తీసిన. కనవడ్తలేదా?" అని రెండు కాళ్ళూ తలుపు బయటికి చాపి చూపించాడు.

"ఇప్పుడు దిగి వచ్చి చక్రం తిప్పు."

ఆయన వచ్చి రెండు చేతులతో టైరు పట్టుకుని తిప్పాడు. కదల్లేదు. పాదం అడ్డం పెట్టి గుంజాడు. బండి మొత్తం జాకీ మీద ఊగింది గానీ చక్రం తిరగలేదు. వడ్లబస్తాలు ఒంటిచేత్తో లేపే మనిషి ఆయన. మెడ నరాలు ఉబ్బాయి. ఎవరూ తొక్కని బ్రేకు ఆ చక్రాన్ని లోపలి నుంచి పట్టుకుని ఉంది. మేం అందరం దాన్నే చూస్తూ నిలబడ్డాం. పిల్ల ఒక్కతే ఏదో ఊకొడుతూ ఉంది.

నేను పానా తీసుకుని ఆ చక్రం దగ్గరి నిప్పిల్‌ను కొద్దిగా విప్పాను. సన్నటి ధార చివ్వున వచ్చి నేల మీద పడింది. బావ చేయి ఇంకా టైరు మీదే ఉంది. ఆ చేతి కింద చక్రం ఏ బలమూ లేకుండా గిర్రున తిరిగింది. ఆయన తూలి ముందుకు వంగాడు.

కాసేపు తిరిగి, అది ఆగింది.

మా మేనకోడలు చిన్నప్పటి నుంచీ తండ్రి మాటకు ఎదురు చెప్పే పిల్ల కాదు. ఆమె పిల్లను ఎడమ చంకలోంచి కుడి చంకలోకి మార్చుకుంది.

"బాపూ, నేను గీ బండ్ల ఎక్క. పిల్లను ఎక్కియ్య."

"మొక్కు ఉన్నది బిడ్డా..."

"మొక్కు నాది. నేను తీర్సుకుంట. నువ్వు ఎక్కుతె నువ్వు ఎక్కు, అమ్మను గూడ ఎక్కియ్యకు."

బావ ఆమె వైపు చూడలేదు. నేల మీద పడిన ఆయిల్ మరకను చెప్పుతో రుద్దాడు. రుద్దినకొద్దీ అది వెడల్పయింది.

చివరికి తేల్చింది మా అక్క. ఆమెకు అడ్డంకి సంచి. ఆ అడ్డంకిని ఆమే తొలగించింది. "సంచి పోవాలన్నరు గని ఏ బండ్ల పోవాల్నో ఎవరు చెప్పిండ్రు? బస్సుల పోతది. ఇంట్లకు రాకుంటె సాలు." బావ వైపు తిరిగింది. "వియ్యంకుడు అడిగితె నేను చెప్త. బండి చెడిపోయింది, మనుషులు వచ్చిండ్రు అని చెప్త. నీకు నోరు లెవ్వకుంటె ఎనక నిలవడు."

పొద్దున్నే బస్సెక్కాం. నన్ను కూడా రమ్మన్నాడు బావ. ఎందుకో చెప్పలేదు. "నువ్వు గూడ రా" అని మాత్రం అన్నాడు, నా ముఖం చూడకుండా. కారు మా వాకిట్లో అట్లాగే ఉండిపోయింది. అక్క పక్కింటి గడప బయటే నిలబడి సంచి అందుకుని, ఎక్కడా నేల మీద పెట్టకుండా ఒళ్ళో పెట్టుకుంది. దేవరకొండలో బస్సు మారాం. మన్ననూరు దాటి అడవి చెట్ల నీడలు మొదలయ్యాక పిల్ల తల్లి దగ్గర చిరాకు పడితే బావ తీసుకుని తన ఒళ్ళో పడుకోబెట్టుకున్నాడు. కిటికీ పక్క సీటు ఆయనది, నేను ఇవతల.

దోమలపెంట దాటాక బస్సు ఘాట్‌లో దిగడం మొదలుపెట్టింది. డ్రైవర్ గేరు తగ్గించాడు. ఇంజన్ కింది గొంతుతో మూలిగింది. మలుపు దగ్గర గాలి బ్రేకు బుస్సుమంది. బావ కిటికీలోంచి కిందికి చూశాడు. మోకాలెత్తు గోడ, దాని అవతల చెట్ల తలలు, ఎంతో లోతున నీళ్ళ తళుకు.

"గిక్కడనా?" అన్నాడు మెల్లగా.

ఆయన అడుగుతున్నదేమిటో నాకు వెంటనే అర్థమైంది. "ఎట్ల చెప్తం బావా."

ఇంకో మలుపు. ఇది మరీ మొనదేలి ఉంది. బస్సు వెనక భాగం గోడను రాసుకుంటున్నట్టు తిరిగింది.

"మరి గిక్కడ?"

నేను లోపల లెక్క వేస్తూనే ఉన్నాను, అలవాటు పోదు. బండి బరువు, మనుషుల బరువు, దిగుడు, హాలియా నుంచి రాసుకుంటూ వచ్చిన బ్రేకులో అప్పటికే చేరి ఉండే వేడి. ఆ లెక్కకు ఫలానా మలుపు అని ఒక్క జవాబు రాదు. కానీ వీటిలో ఏదో ఒకటి కాక తప్పదు.

ముందు సీట్లోంచి అక్క తిరిగింది. "ఏంది మీ ఇద్దరి గుసగుస?"

"ఏం లేదు. నీ తమ్ముడు దారి జూపెడ్తుండు" అన్నాడు బావ.

బస్సులో కాలిన ఇనుము వాసన సన్నగా లేచింది. ఘాట్ దిగే ప్రతి బండిలో వచ్చే వాసనే. నాకు తెలుసు. అయినా అది తగ్గేదాకా నేను ఊపిరి పై పైనే తీసుకున్నాను. బావ మళ్ళీ అడగలేదు గానీ, ప్రతి మలుపుకూ నా వైపు ఒకసారి చూశాడు. నేను ప్రతిసారీ తల దించుకున్నాను.

కింద ఆనకట్ట కనిపించే చోట ఎదురుగా వచ్చే లారీకి దారి ఇవ్వడానికి బస్సు ఆగింది. జనం కిటికీల్లోంచి దండాలు పెట్టుకుంటున్నారు. బావ మాత్రం మెడ తిప్పి పైకి చూస్తున్నాడు. మేం దిగి వచ్చిన రోడ్డు కొండ మీద ఒకదాని కింద ఒకటిగా గీతల్లా కనిపిస్తోంది. అన్నిటికంటే పై గీత మీద ఒక తెల్ల కారు దిగుతూ ఉంది. అది మలుపు లోపలికి పోయి చెట్ల వెనక మాయమైంది. ఇప్పుడు కింది గీత మీద కనిపించాలి.

లారీ దాటిపోయింది. మా బస్సు కదలలేదు, డ్రైవర్ ఎవరితోనో మాట్లాడుతున్నాడు. బావ కన్ను ఆర్పకుండా ఆ ఖాళీ రోడ్డును చూస్తున్నాడు. నేనూ చూస్తున్నాను.

కారు చెట్లలోంచి బయటికి వచ్చింది.

"వచ్చింది" అన్నాడు బావ. ఆయన ఒళ్ళో పిల్ల నిద్రలేచి ఏడవసాగింది. చూస్తే ఆయన దాని చెయ్యి గట్టిగా పట్టుకుని ఉన్నాడు. వేళ్ళు ఒక్కొక్కటిగా సడలించి, ఎర్రబడిన ఆ చిన్న చేతిని నోటితో ఊదుతూ కూర్చున్నాడు.